గాజుపెట్టె ముందు చెప్పులు విప్పాలా?

పోతన గారి మీద వీడియో చేసినప్పుడు ఒక విషయం చెప్పాలనుకుని వదిలేశాను. రెండు నిమిషాల్లో చెబితే తేలిపోతుంది అనిపించింది. అందుకే ఇక్కడ రాస్తున్నాను. కాస్త తీరిక చేసుకుని చదవండి.

ఏటా నవంబరు 14 నుంచి 20 దాకా గ్రంథాలయ వారోత్సవాలు జరుగుతాయి కదా. 2024లో ఆ రోజుల్లో హనుమకొండలో ఒకచోట పాత పుస్తకాలు ప్రదర్శనకు పెట్టారంటే మా చిన్నాన్న కూతురిని వెంటబెట్టుకుని వెళ్ళాను. తను హైదరాబాద్‌లో ఇంజినీరింగ్ చదువుతోంది. చిన్న హాలు, నాలుగు బల్లలు. రెండు బల్లల మీద వందేళ్ళ నాటి అచ్చు పుస్తకాలు. కాగితం గోధుమ రంగుకి తిరిగి, అంచులు అప్పడంలా విరిగిపోతున్నాయి. చివరి బల్ల మీద గాజుపెట్టె, అందులో ఒక తాళపత్ర కట్ట. పక్కన చీటీ మీద "భాగవతం" అని రాసి ఉంది.

మా చెల్లె ఆ పెట్టె ముందు ఆగిపోయింది. ఒక అడుగు వెనక్కి వేసి, మెల్లగా అడిగింది.

"అన్నా, ఇక్కడ చెప్పులు ఇడువాల్నా?"

నాకు ముందు నవ్వొచ్చింది. తర్వాత జవాబు తెలీదని అర్థమైంది. మన ఇళ్ళల్లో పుస్తకానికి పొరపాటున కాలు తగిలితే వెంటనే తాకి కళ్ళకద్దుకుంటాం. అది లెక్కల పుస్తకమైనా సరే, పాత డైరీ అయినా సరే. మరి భాగవతం ముందు చెప్పులేసుకుని నిలబడొచ్చా? అలాగని అది గుడి కాదు. దీపం లేదు, గంట లేదు. "ముట్టుకోవద్దు" అన్న బోర్డు మాత్రం ఉంది. ఆ మాటకొస్తే గుడిలో మూలవిరాట్టును కూడా మనల్ని ముట్టుకోనివ్వరు.

పక్కనే కుర్చీలో కూర్చున్న ఒక పెద్దాయన మా మాట విన్నారు. "ఇడిస్తే ఇడువు బిడ్డా, మంచిదే. కని ఒక్క లైనన్న చదివి పో" అన్నారు.

చెల్లె వంగి చూసింది. నేనూ చూశాను. తెలుగు లిపే. కానీ పదానికీ పదానికీ మధ్య ఖాళీ లేదు. పద్యం ఎక్కడ మొదలైందో, ఎక్కడ ముగిసిందో కంటికి తెలీదు. ఆకు ఈ చివర నుంచి ఆ చివరకు అక్షరాలు గొలుసులా సాగిపోతున్నాయి. తాళపత్రాల్లో అలాగే రాసేవారు. ఐదు నిమిషాలు కుస్తీ పట్టి ఒక "శ్రీ", ఒక "కృష్ణ" మాత్రం పట్టుకోగలిగాం. చెల్లె చెప్పులు విప్పి, దణ్ణం పెట్టుకుని వచ్చేసింది. దారిలో ఏమీ మాట్లాడలేదు. ఇంటికొచ్చాక ఒక్కటే మాట అంది: "మనింట్ల గసొంటిదే ఉంది కదా అన్నా."

ఉంది. మా నానమ్మ పూజగదిలో.

మా ఇంటి మూట

ఎర్రగుడ్డలో చుట్టిన తాటాకుల కట్ట అది. మా తాత తండ్రి కాలం నుంచి ఉందట. "భాగవతం" అని ఇంట్లో అందరం అంటాం. ప్రతి దసరాకు మూల నక్షత్రం నాడు నానమ్మ దాన్ని పీట మీద పెట్టి, పసుపునీళ్ళు చల్లి, కుంకుమ పెట్టి, పూలు వేసి హారతిచ్చేది. తర్వాత మళ్ళీ గుడ్డ కట్టి పైన పెట్టేసేది. నాకు ఊహ తెలిసినప్పటి నుంచి ఆ మూట విప్పగా నేను చూడలేదు.

2025 మేలో కాళేశ్వరంలో సరస్వతీ పుష్కరాలు వచ్చాయి. గోదావరి, ప్రాణహిత కలిసే చోట సరస్వతి అంతర్వాహినిగా ఉందని మన నమ్మకం. మే 15 నుంచి 26 దాకా పన్నెండు రోజులు. ఇంట్లో అందరం వెళ్దామనుకున్నాం. అప్పుడు మా పెద్దబాపు అన్న మాట ఇది:

"గా మూట కూడ పట్టుకపోదాం. చదివేటోడు లేడు. ఇంట్ల ఉంటే చెదలు పట్టి మన్నైతది. ఎవనికన్న ఇస్తే అద్దాల పెట్టెల పెడ్తరు, వచ్చినోడల్లా ఫోటో దిగి పోతడు. సరస్వతమ్మది సరస్వతమ్మకే ఇద్దాం. గంగల కలిపితే గౌరవం దక్కుతది."

నేను వద్దన్నాను. కానీ ఎందుకు వద్దో చెప్పమంటే సరిగ్గా చెప్పలేకపోయాను. ఆయన మాటలో నిజముంది. నేను కూడా ఆ ప్రదర్శనలో గాజుపెట్టెను ఫోటో తీసుకున్నవాణ్ణే. ఆ ఫోటో మళ్ళీ ఒక్కసారి కూడా తెరిచి చూడలేదు. చదవడం రాని నాకు, దాన్ని నీళ్ళలో కలపొద్దు అనే హక్కు ఎక్కడిది? పాత పటాలు, విరిగిన విగ్రహాలు, పాత పంచాంగాలు మనం నీళ్ళలో కలపడం లేదా? ఎంతోమంది తమ ఇళ్ళలోని తాళపత్రాలను భక్తితోనే నదులకు సమర్పించారు. వాళ్ళది నిర్లక్ష్యం అనలేం.

అందుకే అసలు ప్రశ్న చెప్పుల గురించి కాదని నాకు అప్పుడు తట్టింది. ఒక పవిత్ర గ్రంథం పాతబడిపోతే దానికి మనం చేయాల్సిన మర్యాద ఏమిటి? పూజ చేయడమా, గాజుపెట్టెలో పెట్టి చూపించడమా, నదిలో కలపడమా?

నిమజ్జనం ఎప్పుడు చేస్తాం?

వినాయక చవితి గుర్తు తెచ్చుకోండి. తొమ్మిది రోజులు ప్రాణంలా చూసుకున్న విగ్రహాన్ని తీసుకెళ్ళి చెరువులో కలిపేస్తాం. బాధ ఉంటుంది, కానీ దిగులు ఉండదు. ఎందుకు? వచ్చే ఏడు మళ్ళీ మట్టి తెస్తాం, మళ్ళీ చేస్తాం. బతుకమ్మ కూడా అంతే. చెరువులో వదిలిన పూలు మళ్ళీ పూస్తాయి, పేర్చే చేతులు మన ఇంట్లోనే ఉంటాయి. మళ్ళీ చేయగలం అన్న ధైర్యం ఉన్నచోటే నిమజ్జనానికి అర్థం ఉంది.

దీనికి పుస్తకాల్లోనే ఒక సాక్ష్యం మన పక్కనే ఉంది. చేర్యాల పేరు వినే ఉంటారు. ఇప్పుడు సిద్దిపేట జిల్లా, 2016 వరకు మన వరంగల్ జిల్లాలోనే ఉండేది. అక్కడి నకాషీ కళాకారులు పొడవాటి గుడ్డ మీద పురాణాన్ని వరుస బొమ్మలుగా గీస్తారు. ఎర్రటి నేపథ్యం, అరల్లో కథ. కూనపులి వాళ్ళు ఆ పటాన్ని కొంచెం కొంచెంగా విప్పుతూ పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పేవారు. రాజుల కోటల్లో బంగారు నీటితో రాయించిన బొమ్మల గ్రంథాలుంటే, మన ఊళ్ళకు ఇదే బొమ్మల గ్రంథం. ఊరంతా కూర్చుని చూసేది. ఆ పటం వాడి వాడి చిరిగిపోయినప్పుడు ఏం చేసేవారో తెలుసా? కొత్త పటం గీయించుకుని, పాతదానికి పూజ చేసి నీళ్ళలో కలిపేవారు.

వరుస గమనించండి. ముందు కొత్తది, తర్వాతే నీళ్ళు. ప్రతి తయారైంది, కథ చెప్పేవాడున్నాడు, వినేవాళ్ళున్నారు. అప్పుడు పాత గుడ్డకు సెలవు. అది మర్యాద. కొత్తది లేకుండా పాతదాన్ని కలిపేస్తే? పటంతో పాటు కథను కూడా నీళ్ళలో వదిలినట్టే.

మన గ్రంథాలన్నీ ఈ పద్ధతిలోనే మనదాకా వచ్చాయి. మన వేడికి, తేమకి, పురుగుకి తాటాకు కొన్ని వందల ఏళ్ళకు మించి నిలవడం కష్టం. కాబట్టి ఒకరు గంటంతో రాసినదాన్ని ఇంకొకరు చూసి రాసేవారు. గంటం గీసిన గీతల్లో మసి రుద్దితే అక్షరం నల్లగా కనబడేది. అలా తరం తర్వాత తరం. పోతన గారిది 15వ శతాబ్దం. ఆయన స్వయంగా రాసిన ఆకులు మనకు దక్కలేదు. ఏ ప్రదర్శనలో చూసినా మనకు కనిపించేది నకలే. వరంగల్‌కు దగ్గర్లోని బమ్మెరలో పుట్టిన పద్యం మన నోటికి అందిందంటే, మధ్యలో పేరు తెలియని ఎందరో వెన్ను వంచి, మెడ వంచి, కళ్ళు కాయలు కాచేలా రాశారు కాబట్టే. వాళ్ళలో చాలామంది గ్రంథం చివర ఒక మనవి కూడా రాసుకునేవారు. ఎంతో కష్టపడి రాశాను, నూనె తగలకుండా, నీళ్ళు తగలకుండా చూసుకోండి, కట్టు వదులు కానివ్వకండి అని.

సింగభూపాలుడు తనకు అంకితం ఇవ్వలేదన్న కోపంతో భాగవతాన్ని మట్టిలో పాతించాడని, తీసి చూస్తే కొన్ని భాగాలు పాడైపోయి ఉన్నాయని ఒక కథ చెప్పుకుంటారు. కథ సంగతి ఎలా ఉన్నా, ఐదో స్కంధం గంగన, ఆరో స్కంధం సింగన, పదకొండు, పన్నెండు స్కంధాలు నారయ రాసి పూర్తి చేశారన్నది మనకు తెలిసిందే. పోయిన చోట పూరించడమే వాళ్ళు పోతన గారి పుస్తకానికి చేసిన పూజ.

ఇంకో ఉదాహరణ చూడండి. కాకతీయ గణపతిదేవుడి గజసేనాధిపతి జాయపసేనాని 13వ శతాబ్దంలో నృత్తరత్నావళి రాశాడు. 1323లో ఓరుగల్లు పడిపోయింది. కానీ ఆ గ్రంథానికి ప్రతులు ఎత్తినవాళ్ళున్నారు. అందుకే ఎక్కడో తంజావూరు సరస్వతీ మహల్‌లో అది నిలిచింది. డాక్టర్ వి. రాఘవన్ పరిష్కరిస్తే 1965లో అచ్చయింది. ఆ గ్రంథాన్ని, రామప్ప గుడి శిల్పాలను పక్కపక్కన పెట్టుకుని నటరాజ రామకృష్ణ గారు పేరిణికి మళ్ళీ ప్రాణం పోశారు. ఇవాళ మన వేదికల మీద కుర్రాళ్ళు పేరిణి ఆడుతుంటే చూస్తున్నాం. ఆ ప్రతిని ఎవరైనా కావేరిలో కలిపి ఉంటే?

భద్రంగా దాచడం కూడా తక్కువ పని కాదు. అన్నమయ్య సంకీర్తనల రాగిరేకులు తిరుమల గుడిలో ఒక చిన్న రాతి గదిలో శతాబ్దాల పాటు ఉండిపోయాయి. దాచారు కాబట్టే దొరికాయి. ఆయన 32 వేల సంకీర్తనలు చెప్పారని ప్రతీతి, మనకు దక్కినవి అందులో సగం కూడా లేవు. కానీ ఆ దక్కినవి కూడా 20వ శతాబ్దంలో పండితులు రేకులు బయటికి తీసి, చదివి, అచ్చువేసేదాకా మన చెవిన పడలేదు. దాచినవాళ్ళకు సగం పుణ్యం, చదివినవాళ్ళకు సగం.

మూట విప్పిన రోజు

పెద్దబాపుతో నేను ఒక్కటే అన్నాను. "కలిపేముందు అందులో ఏముందో తెలుసుకుందాం. తెలిసినంక మీ ఇష్టం." ఆయన సరే అన్నారు.

మాకు తెలిసిన ఒక రిటైర్డ్ తెలుగు మాస్టారు వచ్చారు. నానమ్మ దీపం పెట్టాక గుడ్డ విప్పారు. మొత్తం 48 ఆకులు. వాటిలో 19 ఆకులు ఒకదానికొకటి అతుక్కుపోయి రాయిలా అయ్యాయి. ఏళ్ళ తరబడి చల్లిన పసుపునీళ్ళు, తడి కుంకుమ. నీళ్ళు తగలనివ్వొద్దని రాసినవాళ్ళు వేడుకునే వస్తువుకి మేం ప్రతి ఏడూ నీళ్ళు చల్లాం, అదీ భక్తితో. పెద్దబాపు ముఖం చూడలేకపోయాను. నా ముఖం కూడా ఆయనకు అలాగే కనబడి ఉంటుంది. మాస్టారు మాత్రం ఆ ఆకుల్ని విడదీసే ప్రయత్నం చేయలేదు. "బలవంతం చేస్తే ముక్కలైతయి. తెలిసినోళ్ళే చేయాలె" అన్నారు.

మిగిలిన ఆకుల్ని మెత్తటి పొడి బ్రష్షుతో తుడిచి, భూతద్దం పెట్టుకుని చదవడం మొదలుపెట్టారు. గంట తర్వాత తలెత్తి అన్నారు: "ఇది భాగవతం కాదమ్మా. పశువుల వైద్యం. ఆవుకి కడుపుబ్బరం వస్తే ఏ ఆకు పసరు పోయాలె, ఎద్దు కాలు వాస్తే ఏం కట్టాలె, గవ్వి ఉన్నయి."

ఇల్లంతా నిశ్శబ్దం. అంటే మూడు తరాలుగా మేం హారతిచ్చింది పశువైద్యానికా? నాకైతే కొంచెం సిగ్గుగానే అనిపించింది. అప్పుడు నానమ్మ అంది:

"అయితే ఏమైంది బిడ్డా? గొడ్డూ గోదా బతికితేనే కద మనం బతికినం. గది దేవునిది కాకుంటే ఎవనిది?"

కాసేపాగి ఇంకో మాట కూడా అంది. "నాకు సదువు రాదాయె. సదువు నేర్పినోళ్ళు లేకపాయె. నాకు వచ్చింది దండం పెట్టుడు, గదే చేసిన."

ఆ మాట నన్ను ఇప్పటికీ వదల్లేదు. నానమ్మ పూజను మూఢభక్తి అని కొట్టిపారేయడం తేలిక. కానీ ఆమెకు అందుబాటులో ఉన్న సేవ అదొక్కటే. చదువు ఎవరికి అందింది, ఎవరికి అందలేదు అన్నది మన సమాజం సమాధానం చెప్పుకోవాల్సిన ప్రశ్న. ఒకప్పుడు తాళపత్రాలు అందరి చేతికీ వచ్చేవి కావు. ఆడవాళ్ళకు, ఎన్నో కులాలవాళ్ళకు అక్షరమే దక్కనివ్వలేదు. చదువు దక్కని ఆ చేతులే ఈ మూటను మాదాకా కాపాడాయి. చదువుకున్న మేం ఒక్కసారి కూడా విప్పి చూడలేదు. తప్పెవరిది మరి?

అచ్చు ఎవరి చేతుల మీదుగా వచ్చింది?

ఆ ప్రదర్శనలోని అచ్చు పుస్తకాలు నాకు అప్పుడు కొత్తగా గుర్తొచ్చాయి. తొలి తెలుగు అచ్చు పుస్తకాలు వచ్చింది మన నేల మీద కాదు. 1740ల్లో జర్మనీలోని హాలేలో, బెంజమిన్ షుల్జ్ అనే క్రైస్తవ మిషనరీ తన మత ప్రచారం కోసం వేయించినవి. తర్వాత ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి సి.పి. బ్రౌన్ కడపలో సొంత డబ్బుతో పండితులను పెట్టుకుని వేలకొద్దీ ప్రతులు సేకరించి, పాఠాలు సరిచూయించాడు. 1854లో వావిళ్ళ రామస్వామిశాస్త్రులు గారు మద్రాసులో ముద్రణాలయం పెట్టారు. రామాయణ భారత భాగవతాలు మామూలు ఇళ్ళలోకి రావడానికి వావిళ్ళ ప్రతులు దారి వేశాయి.

కొంతమంది మిత్రులు అడుగుతారు, పరాయి మతం వాళ్ళ పనిని మనం ఎందుకు గుర్తు చేసుకోవాలి అని. నా సమాధానం ఇదీ: వాళ్ళ ఉద్దేశం ఏదైనా, పోత పోసిన తెలుగు అక్షరానికి మతం లేదు. ఆ విద్యే మన చేతికొచ్చి పోతన పద్యాన్ని మోసింది. సహాయం చేసినవాడి చేతిని కాదనడం మన ధర్మం కాదు.

మన వరంగల్ వాళ్ళూ తక్కువ తినలేదు. నిజాం కాలంలో తెలుగు చదవడమే ఒక పోరాటంగా ఉన్న రోజుల్లో, 1904లో హనుమకొండలో శ్రీ రాజరాజనరేంద్ర ఆంధ్ర భాషానిలయం వెలిసింది. 1922లో ఒద్దిరాజు సోదరులు ఇనుగుర్తి అనే పల్లెటూళ్ళో ప్రెస్సు పెట్టి "తెనుగు" పత్రిక నడిపారు. గంటం పట్టినవాడు, అక్షరాలు కూర్చినవాడు, పుస్తకం అద్దెకు ఇచ్చినవాడు, చదివి వినిపించినవాడు, అందరిదీ ఒకే వరుస. ఆ వరుసలో ఇప్పుడు మన వంతు.

గాజుపెట్టె గురించి కూడా ఒక మాట. మేవాడ్ రామాయణం అని ఒకటుంది. 1649, 1653 మధ్య ఉదయపూర్‌లో రాణా జగత్‌సింగ్ రాయించినది, 400కు పైగా బొమ్మలు. దాని భాగాలు చెదిరిపోయి కొన్ని లండన్‌లో, కొన్ని మన దేశంలో ఉన్నాయి. 2008లో బ్రిటిష్ లైబ్రరీ దాన్ని ప్రదర్శనకు పెట్టింది. మామూలుగా ప్రదర్శనల్లో ఒక పుస్తకంలో మనకు కనిపించేది తెరిచి ఉన్న రెండు పేజీలే. కానీ 2014లో ఆ చెదిరిన భాగాలను డిజిటల్‌గా ఒకచోట చేర్చారు. అలా ఎవరైనా ఇంట్లో కూర్చుని పేజీ తర్వాత పేజీ తిప్పే వీలు కలిగింది. నాకు అదే మన కాలపు గంటం అనిపిస్తుంది.

చివరికి ఏం చేశాం?

విడివిడిగా ఉన్న 29 ఆకులకు రెండు వైపులా ఫోటోలు తీశాం, వరుస నంబర్లతో. చెల్లె తీసింది. మాస్టారు చదివి చెబుతుంటే ఆమే టైప్ చేస్తోంది. వారానికి ఒక ఆకు అవుతోంది. ఆమె ఇప్పుడు తాళపత్రంలో సగం లైను దాకా తనంతట తాను చదవగలదు. అతుక్కుపోయిన 19 ఆకులు అలాగే ఉన్నాయి. అవి ఎప్పటికైనా విడిపోతాయో లేదో చెప్పలేను.

పుష్కరాలకు వెళ్ళాం. మూట కూడా వెంట వచ్చింది, పెద్దబాపు సంచిలో. ఆయన స్నానం చేసి, ఒళ్ళు తుడుచుకుని, పొడి చేతులతో మూటను తీసి కళ్ళకద్దుకున్నారు. నది వైపు ఒకసారి చూపించి మళ్ళీ సంచిలో పెట్టుకున్నారు. "అమ్మకు చూపిచ్చిన. చాలు" అన్నారు.

మీ ఇంట్లో కూడా ఇలాంటి కట్ట ఉంటే నాలుగు మాటలు. తడి పసుపు, కుంకుమ ఆకుల మీద వద్దు, పీటకు పెట్టండి. ప్లాస్టిక్ కవర్లో బిగించకండి, పొడి నూలుగుడ్డ చాలు. ఎండలో ఆరబెట్టకండి. అతుక్కున్నవాటిని లాగకండి. హైదరాబాద్‌లో ఉస్మానియా విశ్వవిద్యాలయం దగ్గర ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయం ఉంది, అక్కడ అడగండి. అన్నిటికంటే ముందు, ఫోటోలు తీయండి. పాత అచ్చు భాగవతం ఉంటే ఈ దసరాకు పూజ అయ్యాక మర్నాడు ఒక పద్యం పైకి చదవండి. ఇంట్లో చదువు రాని పెద్దవాళ్ళుంటే వాళ్ళ పక్కన కూర్చుని చదవండి.

ఇక చెల్లె అడిగిన ప్రశ్న. గాజుపెట్టె ముందు చెప్పులు విప్పాలా? మీకు విప్పాలనిపిస్తే విప్పండి, అందులో తప్పేం లేదు. నేనైతే ఇప్పుడు విప్పుతున్నాను. విప్పాక ఒక్క లైనైనా చదవకుండా మాత్రం అక్కణ్ణుంచి కదలడం లేదు.